డెబ్బై రెండు గంటల్లోపు

"చెయ్యి చాపండి."

"ముందు ఆ సూది చూపించండి."

ఛాతీ ఆసుపత్రి మూడో నంబరు గదిలో బల్లకు అవతల కూర్చున్న నర్సబ్బాయి తలెత్తి చూశాడు. పొద్దుటి నుంచి పద్నాలుగు మందికి సూది వేశాడు. మొహం తిప్పుకున్నవాళ్లున్నారు, కళ్లు మూసుకున్నవాళ్లున్నారు. సూదిని తనిఖీ చేస్తానన్న మనిషి ఈవిడే.

"చూసి ఏం చేస్తారు?"

"నేను టైలర్ని. మొద్దు సూదైతే గుడ్డే ఒప్పుకోదు, నేనొప్పుకుంటానా?"

అతను నవ్వాపుకుంటూ సూది చూపించాడు. జుట్టంత సన్నగా ఉంది. ఆమె ఒకసారి తేరిపార చూసి, ఫర్వాలేదన్నట్టు తలూపి, అప్పుడు చెయ్యి చాపింది.

ఆ ధీమా పైకి మాత్రమే. సందు చివర కుట్టు దుకాణంలో మూడేళ్లుగా మాస్టారి పక్క మిషను ఆమెది. కిటికీ ఒక్కటే ఉన్న గది. మాస్టారు 'పొడి దగ్గులే' అని నెలల తరబడి కొట్టిపారేసిన దగ్గు క్షయ అని రెండు వారాల కిందట తేలింది. ఆయన మందులు వాడుతూ ఇంట్లో ఉన్నారు. ఆయనతో పాటు ఆ గదిలో కూర్చున్నవాళ్లందరూ పరీక్షకు రావాలని ఆసుపత్రి నుంచి కబురు వచ్చింది.

ఆమె ఉండేది అక్క దగ్గర. అక్కకు ఆపరేషన్ చేసి బిడ్డను తీశారు. ఆ బుజ్జిదానికి ఇరవై రెండు రోజులు. బావ లారీ తీసుకుని వెళ్తే పది రోజులకు గానీ రాడు. తనకే ఆ జబ్బుంటే బిడ్డను ఎత్తుకోవడం ఎలా? ఎత్తుకోకపోతే అక్క గతేమిటి? రెండు వారాలుగా ఆమెకు ఇదే ఆలోచన.

అతను ముంజేతి లోపలివైపు దూదితో తుడిచి, సూదిని దాదాపు పడుకోబెట్టినట్టు పట్టుకుని, చర్మం పైపొరలోకి పోనిచ్చాడు. పెసరగింజ కన్నా కాస్త పెద్ద బుడిపె తెల్లగా లేచింది.

"అదేంటి, పైపైనే వేశారు?"

"పైపైనే వెయ్యాలి. లోపలికి దిగితే పరీక్ష చెడినట్టే."

"హెమ్మింగ్‌లాగా! పై పోగునే పట్టుకోవాలి, సూది అవతలికి కనపడకూడదు."

అతని చెయ్యి ఆగిపోయింది. "కొత్తగా చేరినవాళ్లకు ఇది నేర్పడానికి నాకు ఇన్నాళ్లూ ఇంత మంచి మాట దొరకలేదండీ."

"వాడుకోండి. ఊరికే ఇచ్చాను. ఇంతకీ ఇందులో ఏముంది, ఆ క్రిమేనా?"

"క్రిమి లేదు. దాన్నుంచి తీసిన ప్రోటీన్ మాత్రమే. ఆ క్రిమి ఇంతకుముందే మీ ఒంట్లో చేరి ఉంటే, ఒళ్లు దీన్ని గుర్తుపట్టి ఇక్కడ గట్టిగా ఉబ్బుతుంది. గుర్తుపట్టకపోతే ఊరుకుంటుంది. మీలా పక్కనే కూర్చున్నవాళ్లకు ఐదు మిల్లీమీటర్లొచ్చినా లెక్కలోకి తీసుకుంటాం."

"గుర్తుపట్టడానికి ఎంతసేపు?"

"నలభై ఎనిమిది గంటలు. ఇవాళ సోమవారం, పదకొండయింది. బుధవారం పదకొండు దాటాక రండి. గురువారం పదకొండు మాత్రం దాటనివ్వకండి. డెబ్బై రెండు గంటలు దాటితే చూసినా లాభం లేదు, మళ్లీ మొదటికొస్తాం. నీళ్లు తగిలితే ఫర్వాలేదు. గోకకండి, కట్టు కట్టకండి."

"నేను చూసుకోవచ్చా?"

"చూసుకోండి. కొలవడం మాత్రం నా పని."

ఆమె లేచి నిలబడింది. "కొలవడం గురించి మీరు నాకు చెబుతున్నారా? మీ కోటు ఎడమ భుజం అరంగుళం జారి ఉంది, తెలుసా?"

ఆమె గుమ్మం దాటాక అతను అద్దంలో చూసుకున్నాడు. నిజమే, జారి ఉంది.

*

బుధవారం తెల్లవారగానే ఆమె చొక్కా చెయ్యి పైకి మడిచి చూసుకుంది. ఎర్రగా ఉంది. చుట్టూ దద్దులా పాకింది. సంచిలోని టేపు తీసి ఎరుపు ఈ అంచు నుంచి ఆ అంచుకు పరిచింది. ముప్పై మిల్లీమీటర్లు. చేతి అలవాటు ఊరుకుంటుందా? కుట్టు కోసం వదిలే అరంగుళం, అంటే మరో పదమూడు, కూడా కలిపేసింది. నలభై మూడు.

ఐదు వస్తేనే లెక్కన్నాడు, ఇక్కడ నలభై మూడు!

ఇల్లు వదలడానికి పెద్ద సామానేమీ అక్కర్లేదు, చేతిసంచి చాలు. రెండు జతల బట్టలు కుక్కుకుని, నిద్రపోతున్న అక్క తలగడ పక్కన చీటీ పెట్టింది. 'యూనిఫారాల పని ఎక్కువగా ఉంది. కొన్నాళ్లు షాపులోనే ఉంటాను.' ఉయ్యాల దగ్గరికి వెళ్లలేదు. వెళ్తే కాళ్లు కదలవని తెలుసు.

ఆసుపత్రికీ వెళ్లలేదు. జబ్బన్న మాట కాగితం మీదికి ఎక్కనంతవరకు ఏదో కాస్త ఆశ మిగిలి ఉంటుందనిపించింది.

అక్క నాలుగుసార్లు ఫోన్ చేసింది. నాలుగోసారికి ఆమె దుకాణంలో మిషను ముందు కూర్చుని ఎత్తింది.

"ఏమే, కొంపలంటుకుపోయే పనా అది? నువ్వెత్తుకుంటే గానీ పడుకోనని ఇది ఒకటే ఏడుపు. విను." ఫోన్ బిడ్డ దగ్గర పెట్టింది.

ఆమె విన్నది. మిషను తొక్కింది, ఆ చప్పుడుకు పని ఉందనుకుంటుందని.

*

గురువారం వాన. తొమ్మిదిన్నరకు దుకాణం తలుపు చప్పుడైంది. గొడుగున్నా సగం తడిసిన నర్సబ్బాయి గుమ్మంలో నిలబడ్డాడు.

"టైలరమ్మగారూ, టైమెంతయిందో చూశారా?"

"ఆ గుమ్మంలోనే ఆగండి, దగ్గరికి రాకండి. నాకు జబ్బుంది."

"ఎవరు చెప్పారు?"

"టేపు చెప్పింది. నలభై మూడు."

అతను కంగారుపడలేదు. లోపలికి వచ్చి స్టూలు లాక్కున్నాడు. "నా సర్వీసులో నలభై మూడు చూడలేదు. ఎలా కొలిచారు?"

"ఎరుపు ముప్పై. పైన అరంగుళం..." ఆమె నోట్లోనే మాట ఆగిపోయింది.

"అరంగుళమెందుకు?"

"కుట్టుకి," అంది చిన్నగా.

అతను నవ్వు ఆపుకోలేకపోయాడు. ఆమెకు ఒళ్లు మండింది. "నవ్వండి! ఇల్లు వదిలొచ్చింది మీరు కాదుగా."

నవ్వు ఠక్కున ఆగింది. "తప్పయింది. చెయ్యి ఇవ్వండి. ఒక్క మాట చెప్పండి. కాలర్ లోపల గట్టిగా ఉండే బక్రం గుడ్డ ఎంతదాకా ఉందో రంగు చూసి చెబుతారా?"

"రంగులో ఏం తెలుస్తుంది? వేలితో తడిమి చెబుతాను."

"ఇక్కడా అంతే. ఎరుపు లెక్కలోకి రాదు. లోపల గట్టిగా ఉన్నదే లెక్క. కళ్లు మూసుకుని తడమండి."

ఆమె కళ్లు మూసుకుని వేలు జరిపింది. ఎరుపులో చాలా భాగం మెత్తగానే ఉంది. మధ్యలో ఒక చోట వేలు తట్టుకుంది.

అతను బాల్‌పెన్ను పక్కనుంచి మెల్లగా జరుపుకుంటూ వచ్చి, గట్టి అంచు తగిలిన చోట ఆపి గీత పెట్టాడు. అవతలి నుంచి మరో గీత. చేతికి అడ్డంగా స్కేలు పెట్టి చూశాడు.

"పన్నెండు."

"ఐదు దాటిందిగా!"

"దాటింది." అతను అబద్ధమాడలేదు. "క్రిమి మీ ఒంట్లో చేరింది. కానీ చేరడం వేరు, జబ్బు వేరు. చాలామందిలో అది అలా నిద్రపోతూ ఉంటుంది. అలాంటప్పుడు మీ నుంచి ఎవరికీ అంటదు. జబ్బుందో లేదో ఈ చెయ్యి చెప్పలేదు, ఎక్స్‌రే చెబుతుంది. పదండి."

"ఉంటే?"

"మందులున్నాయి, తగ్గుతుంది. లేకపోతే ఇవాళే ఇంటికి వెళ్తారు. ఏదైనా సరే, ఇక్కడ దాక్కోవడం కన్నా నయమే కదా?"

ఆమె కత్తెర సొరుగులో పెట్టి లేచింది.

ఒకే గొడుగు. వాన అతని ఎడమ భుజం మీద, ఆమె కుడి భుజం మీద సమంగా పడుతోంది.

"రానివాళ్లందరి ఇళ్లకూ ఇలాగే వెళ్తారా?"

"ముందు ఫోన్ చేస్తాం. తర్వాత కార్డులో రాసిన చోటికి వెళ్తాం."

"నాకు ఫోన్ రాలేదే?"

"చెయ్యలేదు. చేస్తే ఫోన్లోనే వస్తానంటారేమోనని భయమేసింది."

ఆమె ఆ మాటకు అర్థం వెతుక్కునేలోపే ఆసుపత్రి గేటు వచ్చింది.

ఎక్స్‌రే చేతికొచ్చేసరికి గంట పట్టింది. డాక్టరమ్మ దాన్ని వెలుతురుకు పెట్టి చాలాసేపు చూసింది. దగ్గుందా, జ్వరముందా, రాత్రిళ్లు చెమటలా, బరువు తగ్గావా? అన్నిటికీ లేదనే జవాబు.

"ఊపిరితిత్తులు శుభ్రంగా ఉన్నాయమ్మా. జబ్బు లేదు. ముందుముందు రాకుండా వారానికోసారి మాత్రలు, పన్నెండు వారాలు ఇక్కడికొచ్చి మింగాలి."

"పసిబిడ్డను ఎత్తుకోవచ్చా?"

"హాయిగా ఎత్తుకో."

వరండాలోకి వచ్చి ఆమె గోడకు ఆనుకుని ఏడ్చింది. అతను ఏడవనిచ్చాడు. తర్వాత రుమాలు ఇచ్చాడు.

"అయితే పన్నెండు వారాలు మీ ముందు మాత్రలు మింగాలన్నమాట," అంది ముక్కు తుడుచుకుంటూ.

"నా ముందు కాదు. మీ కార్డు పెద్ద నర్సమ్మకు అప్పజెప్పాను."

ఆమె మొహం వాడిపోయింది. "ఏం, అంత విసిగించానా?"

"నా రిజిస్టర్లో ఉన్న మనిషితో నేను మందు సంగతి తప్ప వేరే మాట మాట్లాడకూడదు." చెవులు ఎర్రబడ్డా చూపు దించలేదు. "నాకు వేరే మాట ఉంది."

"మొన్న సూదికి భయపడని మనిషిని. మాటకు భయపడతానా? మా ఇంటిదాకా నడుస్తూ చెప్పండి."

నడిచారు గానీ, అతను వాన గురించీ బురద గురించీ తప్ప ఏమీ చెప్పలేకపోయాడు. ఇల్లు వచ్చేసింది.

అక్క తలుపు తీసింది. చంకలో బిడ్డ, కళ్ల కింద నల్లటి చారలు. "చీటీ పెట్టి పోతావటే? నేనేమన్నా పరాయిదాన్నా? అడిగితే చెప్పలేవూ?" అని తిడుతూనే బిడ్డను చేతుల్లో పెట్టింది.

ఆమె బిడ్డను గుండెకు హత్తుకుంది. రెండు రోజుల ఏడుపు రెండు నిమిషాల్లో సద్దుమణిగింది.

అప్పుడు అక్క చూపు గుమ్మం బయట గొడుగు మూయాలో వద్దో తెలియక నిలబడ్డ మనిషి మీద పడింది. "ఆ అబ్బాయెవరే?"

"నన్ను ఇంటికి తెచ్చినాయన. నాతో ఏదో చెప్పాలట, దారంతా చెప్పలేకపోయాడు."

అక్క అతన్ని పైనుంచి కిందిదాకా చూసింది. చెల్లెలి మొహం చూసింది. ఇన్నాళ్లుగా చూడని వెలుగు అక్కడ కనిపించింది.

"చెప్పలేకపోతే నాకు చెప్పు నాయనా, నేను దానికి చెబుతాను. ముందు కాళ్లు తుడుచుకుని లోపలికి రా."