దీపాల వేడిలో అమ్మ

"అమ్మా, రేపు షూటింగు చూడటానికి నాకు అత్తగారు కాబోయే ఆవిడ వస్తోంది. నా వంక కన్నెత్తి చూడకు. నీ కాళ్ళు పట్టుకుంటాను!"

క్యాబేజీ సూప్ కలుపుతున్న లుద్మిలా గరిటె ఆగిపోయింది. బొగ్గుగనిలో భర్త పోయాక ఊరందరి బట్టలూ ఉతికి పెంచుకున్న ఒక్కగానొక్క కూతురు జుజానా! ఇప్పుడు హాలీవుడ్‌లో హీరోయిన్. పెద్దింటి బిడ్డ అనీ, తల్లి ఎప్పుడో చనిపోయిందనీ కంపెనీవాళ్ళు పత్రికలకు చెప్పారు. అది నమ్మే ఆ గొప్పింటివాళ్ళు సంబంధం ఖాయం చేసుకున్నారు...

"చచ్చినదాన్ని ఎలా చూస్తానే పిచ్చిపిల్లా!" అని నవ్వేసి, సూప్‌లో రెండోసారి ఉప్పు వేసింది లుద్మిలా.

కూతుర్ని రోజూ కళ్ళారా చూసుకోవచ్చని ఆమె తానెవరో చెప్పకుండా అదే సినిమాలో పనికి కుదిరింది. తల్లి వేషం వేసే పెద్ద నటి ఎత్తే తనదీ. లైట్లు సరిచేసేంతసేపూ ఆవిడ బదులు నేలమీది సుద్దగీత మీద నిలబడాలి, కెమెరా తిరిగే వేళకు తప్పుకోవాలి. అంతే పని!

"ఏం పిన్నీ, ఈ దీపాల వేడికి ఉడికావా?" అన్నాడు మర్నాడు లైట్ల మనిషి.

"ఇంకా పచ్చిగానే ఉన్నాను నాయనా!"

తల్లిని క్షమాపణ అడిగే సీను అది. ఎన్నిసార్లు తీసినా జుజానాకు కన్నీళ్ళు రాలేదు. పెద్ద నటి విసుక్కుని తన గదికి వెళ్ళిపోయింది.

"ఇక అమ్మాయి మొహమే తీస్తాం. పెద్దావిడా, నువ్వు కెమెరా పక్కన నిలబడు. ఆమె చూసి మాట్లాడటానికి ఒక మనిషి ఉండాలి కదా!" అన్నాడు డైరెక్టరు.

లుద్మిలా నిలబడింది. బట్టలుతికే సోడా నీళ్ళలో నాని పగిలిన ఆ వేళ్ళ మీద జుజానా చూపు పడింది...

"అమ్మా... నన్ను క్షమించమ్మా!"

ఏడుపు కట్టలు తెంచుకుంది. "కట్!" అన్నాడు డైరెక్టరు. ఆమె ఆగలేదు. "మా అమ్మ బతికే ఉంది! మా అమ్మ..." అంటూ చేతులు చాచింది.

"ఏమిటి ఈ పిల్ల అంటున్నది?" అంటూ కాబోయే అత్తగారు కుర్చీలోంచి లేచింది.

ఒక్క అడుగు వేస్తే చాలు, బిడ్డ తన గుండెల మీద ఉంటుంది! లుద్మిలా ఆ అడుగు వెనక్కి వేసింది. గట్టిగా చప్పట్లు కొట్టింది.

"ఎంత బాగా చేశారండీ అమ్మాయిగారూ! నిజంగా నా కూతురే ఏడ్చినట్టుంది!"

అందరూ చప్పట్లు అందుకున్నారు. "పాపం, తల్లిలేని పిల్ల కదా!" అంటూ అత్తగారు జుజానాను దగ్గరకు తీసుకుంది. ఆ భుజం మీదనుంచి రెండు కళ్ళు లుద్మిలానే చూస్తున్నాయి...

"తర్వాతి షాట్! లైట్లు!"

లుద్మిలా వెళ్ళి సుద్దగీత మీద నిలబడింది. పాపం ముసలావిడకు వేడికి కళ్ళు కారుతున్నాయనుకున్నారు అందరూ.