మూడో ఆకాశరామన్న ఉత్తరం

ఎక్సైజ్ ఇన్‌స్పెక్టర్ మళ్ళీ గుమ్మంలో కనిపించేసరికి బుజ్జి చేతిలోంచి పీపా మూత జారి కాలి మీద పడింది. నొప్పి తెలియలేదు. ఇన్‌స్పెక్టరమ్మ టోపీ అంచు నుంచి వాన చుక్కలు ముక్కు మీద పడుతున్నాయి. ఆమె చిరాగ్గా తుడుచుకుంటోంది. అది చూస్తూ బుజ్జి నిలబడిపోయాడు.

ఆరడుగుల మనిషికి బుజ్జి ఏమిటని అడక్కండి, ఇంట్లో పెట్టిన పేరు. వాళ్ళది తరతరాలుగా సారా కాచే కులం. తాత దొంగచాటుగా కాచాడు. తండ్రి లైసెన్సు తెచ్చుకుని దర్జాగా కాస్తున్నాడు. రుచి చూసి ఉమ్మేయడమే తప్ప ఆ ఇంట్లో ఎవరూ గుటక వేసి ఎరగరు.

"మళ్ళీ ఆకాశరామన్న ఉత్తరం వచ్చిందండీ. ఇది మూడోది," అంది ఇన్‌స్పెక్టర్. "మూడు ఫిర్యాదులు వస్తే లైసెన్సు ఆపాలి. సాయంత్రానికి రిపోర్టు పంపాలి నేను."

తండ్రి ముఖం మాడిపోయింది. "ఎవడమ్మా ఆ దౌర్భాగ్యుడు? దొరికితే పీపాలో ముంచి తీస్తాను."

బుజ్జి మెల్లగా పీపా వెనక్కి జరిగాడు. ఏడాదికోసారి జరిగే తనిఖీకి ఆమె వచ్చి వెళ్ళినప్పటి నుంచి వాడికి నిద్ర లేదు. మళ్ళీ చూడాలంటే ఏడాది ఆగాలి. ఫిర్యాదు అందితే మూడు రోజుల్లో వస్తారని ఎవరో చెప్పారు. అంతే, కలం పట్టాడు. లైసెన్సుకే ఎసరు వస్తుందని మాత్రం ఎవరూ చెప్పలేదు.

"వినండి," అంటూ ఆమె చదివింది. "'వీళ్ళు సారాలో నీళ్ళు కలుపుతున్నారు. అయినా ఇంత కమ్మటి సారా ఈ చుట్టుపక్కల ఎక్కడా దొరకదు. పులియబెట్టడంలో వీళ్ళని మించినవాళ్ళు లేరు. వెంటనే చర్య తీసుకోండి.' తిడుతున్నాడో పొగుడుతున్నాడో మా ఆఫీసులో ఎవరికీ అర్థం కాలేదు."

తండ్రికి అర్థమైంది. తమ సరుకు బాగాలేదని అబద్ధానికైనా రాయడానికి చెయ్యి రాలేదంటే, వాడు ఈ ఇంట్లో పుట్టినవాడే. మెల్లగా కొడుకు వైపు తిరిగాడు.

"ఒరేయ్."

"నేనే నాన్నా. నీళ్ళ మాట అబద్ధం. మిగతాది నిజం."

"ఎందుకు రాశారు?" అంది ఇన్‌స్పెక్టర్.

"మీరు వస్తారని. మీరంటే నాకు ఇష్టమండీ. లైసెన్సు పోతుందని తెలిస్తే రాసేవాణ్ణి కాదు, మీ ఆఫీసు ఎదురుగా టీ కొట్టు పెట్టుకునేవాణ్ణి."

తండ్రి నెత్తి కొట్టుకున్నాడు. "మన పెద్దలు ఎక్సైజ్ వాళ్ళ నీడ పడితే ఆమడ దూరం పరిగెత్తారు. నువ్వు ఉత్తరాలు రాసి మరీ పిలుస్తున్నావా? కులం పరువు తీశావు కదరా."

ఇన్‌స్పెక్టర్ నవ్వు ఆపుకోలేక ఫైలు ముఖానికి అడ్డం పెట్టుకుంది. తర్వాత కలం తీసి, 'ఫిర్యాదుదారుడు దొరికాడు. మూడూ అబద్ధాలే. లైసెన్సు ఆపనక్కర్లేదు' అని రాసి బుజ్జి చేత సంతకం పెట్టించింది. తండ్రికి ప్రాణం లేచివచ్చింది.

"ఇంకో ఉత్తరం రాశారంటే కేసు పెడతాను," అంది. గుమ్మం దాకా వెళ్ళి ఆగింది. "కావాలంటే ఫోన్ చెయ్యండి. ఆదివారం నాకు సెలవు."

బుజ్జి ఫోన్ కోసం జేబులు తడుముకున్నాడు. తండ్రే గొంతు సవరించుకున్నాడు.

"ఆదివారం మా ఇంటికే భోజనానికి రామ్మా. కాకపోతే యూనిఫాం మాత్రం వేసుకుని రాకు. మా అమ్మకి ఎనభై దాటాయి. ఆ బట్టలు చూసిందంటే పాత అలవాటు కొద్దీ పెరటి గోడ దూకేస్తుంది."