తవుడు కుండలో చెయ్యి

చిజురు తవుడు కుండలో మోచేతి దాకా చెయ్యి పెట్టి కలుపుతోంది. ఆ ఇంట్లో ముల్లంగీ దోసకాయా ఊరేది ఉప్పు కలిపిన ఆ తవుడులోనే. ఒక్క రోజు కలపకపోయినా పాడైపోతుంది. అత్తగారు ఫుమియే నలభై ఏళ్లు కలిపింది, ఆ తరవాత కోడలి వంతు. ఒనోమిచి రేవులో తొలి పడవ కూత వేసింది. పొయ్యి మీద అన్నం ఉడుకుతోంది. అన్నీ రోజూలాగే ఉన్నాయి.

పక్కగదిలో, పోయిన పెద్దల పేర్ల పలకలు పెట్టి దణ్ణం పెట్టుకునే అర తలుపు కిర్రుమంది. చిన్న గంట మోగింది.

చిజురు చెయ్యి ఆగిపోయింది. ఇవాళ పద్నాలుగు! భర్త సెయ్‌గో ఏడేళ్ల కిందట పోయిన తేదీ. ప్రతి నెలా ఆ తేదీన అత్తగారు అరంతా దులిపి తుడుస్తుంది. చిజురు కాగితం దాచింది సరిగ్గా అక్కడే, భర్త పేరున్న పలక వెనకాల. అత్తింటి చుట్టరికం తెంచుకుంటున్నానని నగర కార్యాలయంలో ఇచ్చే కాగితం అది. పేరు రాసింది గానీ సంతకంలా వేసే తన ముద్ర వెయ్యడానికి చెయ్యి రాలేదు. ఇంట్లో ఇంకెక్కడా చోటు లేనట్టు చనిపోయిన మొగుడి దగ్గరే దాచిన కోడలి తెలివిని ఏమనాలి?

అవతలి దీవిలో పడవలు బాగుచేసే గెన్జో పెళ్లాడదామన్నాడు. ఆమెకూ ఎంతో ఇష్టం. కానీ ఈ ముసలావిడకు తను తప్ప ఎవరున్నారు?

ఫుమియే వచ్చి కాగితం బల్ల మీద పెట్టింది.

"ఏమిటే ఇది?"

"అత్తయ్యా... అదీ..."

"నోరు పడిపోయిందా? పడవలవాడి దగ్గర బాగానే లేస్తుందటగా!"

"మీకు తెలుసా?"

"చేపలమ్మే ఆవిడ దారిలో ఆపి మరీ చెప్పింది."

"నేను ఎక్కడికీ వెళ్లను అత్తయ్యా. అది చింపెయ్యండి."

"చింపేదాన్నయితే పోయిన నెలే చింపేదాన్ని." ఫుమియే కాగితం మీద అరచెయ్యి ఆనించింది. "పోయిన పద్నాలుగునే చూశాను. తుడిచి మళ్లీ అక్కడే పెట్టాను. అప్పట్నుంచీ పొద్దున లేవగానే గుమ్మం దగ్గర నీ చెప్పులున్నాయో లేదో చూసుకుంటున్నానే. భయం నీ ఒక్కదానికేనా?"

చిజురు తల వంచుకుని రెండు చేతులతో తవుడు కలపసాగింది.

"నిన్న ఆఫీసుకెళ్లి అడిగొచ్చాను. మారు పెళ్లికి ఈ కాగితం అక్కర్లేదట. కావాలని నీకెవరు చెప్పారు?"

"గెన్జో వాళ్ల అక్క..."

"ఆవిడ మహా చదివింది! పెళ్లి చేసుకో తల్లీ. ఇది మాత్రం ఇవ్వకు. నా కోడలిగానే ఉండు."

ఫుమియే అటక మీంచి చిన్న జాడీ దించింది. కుండలోంచి సగం తవుడు తీసి అందులో అదిమింది. తన పెళ్లప్పుడు తన తల్లి ఇచ్చినట్టే.

"అక్కడా రోజూ కలుపు. పులిసిపోయిందంటే ఊరుకోను, పడవెక్కి వస్తాను."

చిజురు బావురుమంది. రెండు చేతులకూ తవుడే, కళ్లు తుడుచుకునే వీల్లేదు. ఫుమియే చేతులు కడుక్కుని, నడుముకు చుట్టుకున్న వంటగుడ్డ తీసి కోడలి మొహం తుడిచింది.