ఐపీ సేటు లారీ

లారీ దొరికింది!

పాల్వంచ దాటాక అడవి మలుపులో ఎర్ర లైట్లు కనిపిస్తున్నాయి. పొద్దు గూకింది.

"గట్టిగ పోనియ్" అంటుంది వెనక కూర్చున్న బాలి. ఆమె భర్త కిషన్‌లాల్ బైక్ యాక్సిలరేటర్ మెలిపెడతాడు.

ఆ లారీలో ఉన్నది బాలి మిర్చి. తల్లాడ పక్క తండాలో, ఏడాదంతా చేతులు మండించుకుని పండించిన పంట... మొత్తం! పోయిన వారం బలరాం సేటు కొన్నాడు. ఇచ్చిన చెక్కు బౌన్స్ అయింది. ఏందని అడగబోతే గుమాస్తా పళ్లికిలించాడు.

"సేటు రేపు కోర్టుల ఐపీ పెడుతున్నడు."

ఐపీ అంటే దివాలా. మింగడానికి తెలివి కావాలి. మింగి ఐపీ పెట్టడానికి సిగ్గు లేకపోతే చాలు.

లారీ గోదావరి దాటి బోర్డర్‌లో పడిందా... తెల్లారేసరికి మిర్చి కారం పొడి అయిపోతుంది. పొడి చూసి ఎవరి మిర్చో ఎవడు చెప్తాడు?

బ్రిడ్జి ముందు చెక్‌పోస్ట్. గేటు పడింది. లారీ ఆగింది. దాని వెనకే సేటు కారు.

కిషన్‌లాల్ బండి తీసుకెళ్లి లారీకి అడ్డం పెడతాడు.

ఎస్సై బయటికొస్తాడు. "ఏంది లొల్లి?"

"మిర్చి మాది సార్" బాలి దిగి ముందుకొస్తుంది. "ఐపీ పెట్టుడు ఖాయం చేస్కోని, ఆ తర్వాత మా దగ్గర కొన్నడు."

"ముందే ఎగ్గొట్టాలనుకోని కొంటే మోసమే. ఐపీ అడ్డం రాదు, సరుకు వాపస్ అడగొచ్చు" ఎస్సై కారు వైపు తిరుగుతాడు. "సేటూ, సరుకు నీదేనా?"

బలరాం దిగుతాడు. మెడలో గొలుసు... దివాలా తీసినోడికి అంత లావు గొలుసు! బాలికి తుపుక్కున ఉమ్మాలనిపిస్తుంది.

"నాది కాదు సార్" నవ్వుతాడు. "లారీ, సరుకు, ఈ కారు... అన్నీ మా ఆమె పేరు మీదున్నయ్. ఆమె ఐపీ పెడ్తలేదు."

కారు వెనక సీట్లో సేటు భార్య రాజ్యశ్రీ. సంతకాలకు తప్ప మొగుడు ఆమెను మనిషిగా చూడడని వాళ్లుండే ఖానాపురం హవేలిలో వీధి మొత్తానికీ తెలుసు. మిర్చి దించిన రోజు గోడౌన్‌లో బాలికి మజ్జిగ ఇచ్చింది ఈమే. ఇచ్చినందుకు అందరి ముందూ తిట్లు తిన్నది.

బాలికి చటుక్కున వెలుగుతుంది.

"మళ్లొకసారి చెప్పు సేటూ. మిర్చి నీది కాదా?"

"ఎన్నిసార్లు చెప్పాలె? నాకేం సంబంధం లేదు."

బాలి కారు కిటికీ దగ్గరికి నడుస్తుంది.

"అక్కా, విన్నవు గదా. మిర్చి నీదంట. మాది మాకిస్తవా?"

డోర్ చప్పుడు.

"దిగకు. నోర్మూసుకోని కూసో" అంటాడు బలరాం.

రాజ్యశ్రీ దిగుతుంది. అతని వైపు చూడనైనా చూడదు.

"అవ్ సార్, నా సరుకే" ఎస్సైతో అంటుంది. తర్వాత లారీ డ్రైవర్ని పిలుస్తుంది. "పోతయ్యా, లారీ తిప్పు. బాలి వాళ్ల తండాల దించి రా."

లారీ ఇంజన్ గుర్రుమంటుంది. బలరాం దానికి ఎదురు పరిగెత్తుతాడు.

"ఆపు! అది నా మిర్చి!"

ఎస్సై చెయ్యి అతని భుజం మీద పడుతుంది.

"నీదేనా? మంచిది. నడువ్ స్టేషన్‌కి."

రాజ్యశ్రీ అరచెయ్యి చాపుతుంది.

"కారు తాళం ఇచ్చి పో. అది గూడ నా పేరు మీదనే ఉంది."