పదకొండో గుడ్డు

ఊరికే దొరికిన వస్తువుని వదిలేస్తే అప్పాయమ్మకి అన్నం సయించదు. కోతలయిన చేలో బుల్లిరాజు తన బాతుల మందని తోలుకెళ్తుంటే, గట్టు పక్కన గుడ్డొకటి ఒంటరిగా కనబడింది. తీసి కొంగులో వేసుకుంది.

"అది మా బాతులది కాదండి," అన్నాడు బుల్లిరాజు. "తీసినచోటే పెట్టేయండి."

"నీది కానప్పుడు నీకెందుకయ్యా ఏడుపు?"

ఆ రోజే ఇంట్లో ఎర్రపెట్టని పది గుడ్ల మీద పొదగేసింది. దాని కింద ఇదీ దూర్చింది. కూతురు ఉషారాణి తొలి కాన్పుకి వచ్చి ఉంది. ఎనిమిదో నెల. "ఎవరు ముందు పిల్లల్ని దింపుతారో చూద్దాం," అని తల్లి వేళాకోళమాడేది.

ఇరవై ఒకటో రోజున పది పిల్లలూ పెంకు పొడుచుకుని వచ్చాయి. పెట్ట వాటి మొహమైనా చూడలేదు. చలికి కీచుమంటూ ఒక్కొక్కటే చచ్చినా ఆ గుడ్డు మీంచి లేవలేదు. మేత ముట్టలేదు. ముక్కుతో గుడ్డుని దొర్లిస్తూ, గొంతులోనే ఏదో మాట్లాడేది.

బాతు గుడ్డుకి నాలుగు వారాలు కదా అని ఊరుకుంది అప్పాయమ్మ. నాలుగూ దాటాయి. ముసురు పట్టిన ఓ మధ్యాహ్నం, దాన్ని గోరువెచ్చని నీళ్లలో వేసింది. లోపల ప్రాణముంటే కదులుతుంది.

కదిలింది. గిన్నె అంచుకి కొట్టుకుంటూ గిరగిరా తిరిగింది.

"అమ్మా..." గదిలోంచి ఉషారాణి. "బిడ్డ కదలట్లేదే..."

గుడ్డు ఆగింది.

"ఆఁ... కదిలిందమ్మా."

గుడ్డు తిరిగింది.

"మళ్లీ ఆగిపోయింది..."

అప్పాయమ్మ పచ్చడిబండ ఎత్తింది. దించలేకపోయింది. పగిలేది గుడ్డొక్కటేనని ఎవరు చెప్పొచ్చారు?

గుడ్డుని కొంగున కట్టుకుని వానలో చేలోకి పరుగెత్తింది. గట్టు దగ్గర ముడి విప్పింది. పెంకు రెండు చెక్కలు. లోపల పిల్ల లేదు, సొన లేదు... తడి కూడా లేదు.

ఇంటికొచ్చేసరికి ఉషారాణి మంచం మీద నవ్వుతోంది.

"ఎంత హుషారుగా ఉన్నాడో చూడవే!" తల్లి చేతిని పొట్టకి ఆనించుకుంది.

టక్... టక్... టక్.

కాలితో తన్నినట్టు లేదు. సూదిగా ఉంది.

గంపలోంచి పెట్ట దిగొచ్చింది. మెడ వంచి వింది. గొంతులోనే "కొక్... కొక్" అంది.

టక్. టక్.

మంచమెక్కి, రెక్కలు విప్పి, ఉషారాణి పొట్ట మీద సర్దుకుని కూర్చుంది.

అప్పాయమ్మ దాన్ని లాగబోయింది.

"ఉండనీయవే," కళ్లు మూసుకుంది ఉషారాణి. "వెచ్చగా ఉందిట."