ఒక్క కుడం నీళ్ళు

తమిళనాడులోని విరుదునగర్ ట్రైనింగ్ హాల్లో వసంతకుమార్ నలభయ్యో స్లైడ్ దగ్గరున్నాడు. కాలిన గాయాల ఫస్ట్ ఎయిడ్ మీద ఊళ్ళ నర్సులకు రెండు రోజుల కోర్సు. తయారుచేసింది అతనే. రేపు సాయంత్రం నర్సులు సరిగ్గా చేసి చూపించకపోతే ఈ కోర్సు ఈ బ్యాచ్‌తోనే ఆగిపోతుంది.

"కొళాయి తిప్పి, కాలిన చెయ్యి ఇరవై నిమిషాలు ఆ నీళ్ళ కింద పెట్టాలి," అన్నాడు తమిళంలో.

ఏళాయిరంపన్నై నర్సు ఉష పక్కనున్న పాండీశ్వరితో తెలుగులో గొణిగింది. "మా ఊర్లో కొళాయి ఎన్నాళ్ళకొకసారి వస్తాదో ఈయనకు తెల్సునా? ఇస్త్రీ చొక్కా ఏసుకొని పాటం చెప్తాండాడు."

ఇంట్లో తెలుగు మాట్లాడేవాళ్ళు కూడా ఇంటి బయట తమిళమే కదా, సారుకు తెలుగు వస్తుందని ఆమె అనుకోలేదు.

వసంతకుమార్ మైకు పక్కన పెట్టాడు. "ఎన్నాళ్ళకు వస్తాదండీ?"

ఉష ముఖం ఎర్రబడింది. "అయ్యో! మీరు మన పక్కవాళ్ళా సార్?"

"కడంబూరు. ఇంట్లో తెలుగే."

"ముందే చెప్పకూడదా?"

"చెప్పింటే మీరు నిజం చెప్పేవాళ్ళా?"

ఆమె లేచి నిలబడింది. "ఐదు దినాలకొకసారి సార్. అగ్గిపెట్టెల యూనిట్‌లో చెయ్యి కాలితే నీళ్ళు వేస్ట్ అని ఇడ్లీ పిండి పూస్తారు."

భోజనాల వేళ ఇద్దరూ కొళాయి లేకుండా చేసి చూద్దామని పెరట్లో ఒక కుడం నిండా నీళ్ళు, ఆ బిందెలో ముంచడానికి చెంబు, కింద బేసిన్ పెట్టుకున్నారు. అతను చెయ్యి చాచాడు. ఆమె మణికట్టు పట్టుకుని సన్నగా పోయసాగింది.

"బేసిన్‌లో పడిన నీళ్ళు మొక్కలకు పోస్తాం. ఇంక వేస్ట్ అనరు," అంది.

"ఇది నాకు తోచలేదే!"

"మీరు మా ఊరికి రాలేదు గదా. చెయ్యెందుకు సార్ ఇంకా తియ్యలేదు?"

"ఇరవై నిమిషాలు పెట్టాల గదా."

"నీళ్ళయిపోయి రెండు నిమిషాలాయె."

ఇద్దరూ ఒక్కసారే చేతులు వెనక్కి తీసుకున్నారు.

మరుసటి రోజు స్లైడ్లు లేవు. పెరటి నిండా కుడాలే. సాయంత్రం ముప్పై మందిలో ఇరవై ఏడుగురు సరిగ్గా చేశారు. కోర్సు నిలబడింది.

క్లర్క్ ముత్తుపాండి ఫీడ్‌బ్యాక్ కాగితాలు తెచ్చాడు. చివరి ప్రశ్న: ఊరికెళ్ళాక మొదట ఏం చేస్తారు?

"సార్, ఇదొక్కటి అర్థం కాలేదు," అన్నాడు.

అక్షరాలు తమిళం, మాటలు తెలుగు. బడిలో తమిళమే నేర్చిన ఇక్కడివాళ్ళకు ఇంటి మాట రాయాలంటే అదే దారి.

'మా అమ్మతో మీ గురించి చెప్తా. ఆదివారం మీ అమ్మను పిలుచుకొని రండి. ఇస్త్రీ చొక్కానే ఏసుకోండి.'

"ఫైల్లో పెట్టనా సార్?"

"ఇదొద్దు." వసంతకుమార్ కాగితం మడిచి చొక్కా జేబులో పెట్టుకున్నాడు.