ఆపిన గడియ

వీధి వీధంతా ఆమెను అక్క అనే పిలుస్తుంది. మొదట అలా పిలిచింది చెల్లెలు ఒక్కతే. బట్టలు కుట్టించుకోవడానికి వచ్చేవాళ్లకూ ఆ పిలుపే అలవాటైంది. కాలమఠం గోడకు ఎదురుగా ఒక కుట్టుమిషను, ఒక ఇస్త్రీబల్ల, గుండీల డబ్బా. అదే ఆమె కొట్టు.

ఆ ఊళ్లో చేతి గడియారాలు సోకుకే. "కాలం మా సొత్తు, మీకు వాడుకోవడానికి ఇచ్చాం" అనేవారు మఠం పెద్దగురువు. మఠం గంట మోగితేనే మధ్యాహ్నం. మోగకపోతే ఎండ నడినెత్తిన మాడ్చినా సరే, ఇంకా పొద్దున్నే. కావలసినవాళ్లు ఎవరైనా ఆలస్యంగా వస్తుంటే గంట నాలుకకు గుడ్డ చుట్టేవారు. అంతే, గడియ ఆగినట్టే. చేతిలో పనున్నవాళ్లు చేసుకోవచ్చు, లేనివాళ్లు కళ్లు మూసుకుని కూర్చోవాలి. కొత్త పని మాత్రం ముట్టకూడదు. ఆపిన గడియలో మొదలుపెట్టిన పని ఎప్పటికీ తెగదని మఠం మాట.

నిరుడు ఒక దాత కారు దారిలో చెడిపోయిందని గడియ ఆపారు. సరిగ్గా అప్పుడే చెల్లెల్ని కాన్పుకు ఆసుపత్రి బల్ల ఎక్కించారు. నర్సు చేతులకు తొడుగులు వేసుకుని కూడా గోడకు ఆనుకుని నిలబడిపోయింది. "కొత్త పని మొదలుపెట్టకూడదు కదమ్మా" అంది. గంట మోగేసరికి తల్లీ దక్కలేదు, కడుపులో బిడ్డా దక్కలేదు.

అక్క ఏడుస్తూ మఠానికి పరుగెత్తింది. పెద్దగురువు గడ్డం దువ్వుకుంటూ విన్నారు.

"ఆపిన గడియలో చావు లేదమ్మా. నీ చెల్లెలు చనిపోలేదు."

"మరి ఎక్కడుందండీ?"

"ఆ గడియలోనే ఉంది. అదృష్టవంతురాలు."

చుట్టూ ఉన్నవాళ్లు చేతులు జోడించారు. అక్క ఇంటికి వచ్చింది. ఆ రోజు నుంచి ఆమె తిన్నది పగే, తాగింది పగే. మఠం బట్టలు కుట్టే పని అడిగి మరీ తీసుకుంది. ఎంత మంచి మనసో అనుకున్నారు జనం. జనానిదేముంది, గంట కొడితే లేస్తారు, గంట కొడితే పడుకుంటారు.

ఈ ఏడు పెద్దగురువు మంచం పట్టారు. ఒళ్లు కరిగిపోయి అంగీ వేలాడుతోందని, చూడవచ్చేవాళ్ల ముందు బాగుండదని అక్కను పిలిపించారు. ఆయన ఒంటి మీదే అంగీకి గుండుసూదులు గుచ్చుతోంది ఆమె. వైద్యుడు శిష్యుణ్ణి గుమ్మం దగ్గరికి తీసుకెళ్లి, "మధ్యాహ్నం దాటదు" అన్నాడు గుసగుసగా. గది చిన్నది. మంచం దాకా వినబడింది.

పెద్దగురువు ముఖం పాలిపోయింది. అక్క ఆయన చెవి దగ్గరికి వంగింది.

"గడియ ఆపించండి స్వామీ. ఆపిన గడియలో చావు లేదు కదా."

ఆయన కళ్లు మెరిశాయి. చెయ్యెత్తి సైగ చేశారు. గంటగోపురం వైపు వెళ్లబోతూ శిష్యుడు వెనక్కి తిరిగాడు.

"మళ్లీ ఎప్పుడు కొట్టాలో నాకెలా తెలుస్తుందక్కా?"

"స్వామి చెప్పగానే కిటికీలోంచి ఈ ఎర్రగుడ్డ ఊపుతాను. నా పని మధ్యలో ఉంది, నేనెలాగూ ఇక్కడే ఉంటాను."

మఠం లెక్కన అదీ సబబే. మిగిలినవాళ్లు వరండాలో కళ్లు మూసుకుని కూర్చున్నారు.

గంట మోగలేదు.

మొదట ఏమీ కాలేదు. గది నిండా తెల్లటి ఎండ. తర్వాత వీధిలో కుక్క అరుపు సగంలో ఆగింది. కుళాయి చివర బొట్టు పడబోయి... పడలేదు. మెల్లగా వాసన వచ్చింది. ఆసుపత్రి ఫినాయిలు. పచ్చి నెత్తురు. వాటి అడుగున చనుబాల వాసన. అక్క కోరుకున్నదే.

తలుపు తెరుచుకోలేదు. మంచానికి అవతల, గోడ వైపు... ఎవరో పళ్లు బిగబట్టి మూలిగారు.

"అక్కా..."

ఆ గొంతే.

"నొప్పులు ఇంకా తగ్గలేదే... ఎవరూ చెయ్యి వెయ్యట్లేదే..."

ఏడాదిగా అదే నొప్పి! నొప్పులైనా తీరి ఉంటాయనుకుంది అక్క ఇన్నాళ్లూ.

మంచం అంచు మీదికి ఒక చెయ్యి వచ్చింది. నానిపోయి, తెల్లగా... గోళ్లు నీలంగా... నిండు కడుపును ఈడ్చుకుంటూ ఆమె పెద్దగురువు పక్కకు ఎక్కుతోంది.

"స్వామీ... మీరైనా పట్టుకోండి..."

"అమ్మాయ్..." అన్నారాయన. "గుడ్డ... గుడ్డ ఊపు... గంట కొట్టించు..."

అక్క ఎర్రగుడ్డను మడిచి ఒళ్లో పెట్టుకుంది.

"కొత్త పని మొదలుపెట్టకూడదు కదండీ."

ఆయన అరవబోయారు. అరుపు రాలేదు. గుండుసూదులు ఒక్కొక్కటే నేల మీద రాలాయి. ఏదో పటుక్కుమంది. మళ్లీ పటుక్కుమంది. ఆ తర్వాత చిన్నగా... కేరుమని ఏడుపు.

అక్క మనసు కరిగిపోయింది. పుట్టిన బిడ్డ తల చల్లబడకూడదు కదా. చేతులు వాటంతట అవే గుడ్డ కొస కత్తిరించి, సూది అందుకుని, చిన్న టోపీకి నాలుగు కుట్లు వేసేశాయి. ఏడుపు ఆగాక ఆమె మిగిలిన గుడ్డను కిటికీలోంచి ఊపింది.

గంట మోగింది. మంచం మీద అంగీ ఒక్కటే ఉంది, గుండీలు పెట్టినవి పెట్టినట్టే. శిష్యుడు వణుకుతూనే, "గురువుగారు గడియలోకి వెళ్లారు" అని చాటాడు. జనం అంగీకి దండం పెట్టారు. అక్కా పెట్టింది, నవ్వు కనబడకుండా తల వంచుకుని. ఆ రాత్రి ఏడాది తర్వాత కంటినిండా నిద్రపోయింది.

మర్నాడు కొట్టులో కూర్చుని టోపీ పూర్తి చేసింది. ఎవరి కోసమో తనకే తెలియదు. ఆఖరి కుట్టు వేసి దారం పంటితో కొరికింది.

తెగలేదు.

కత్తెర పెట్టింది. తెగలేదు.

అప్పుడు చూసింది. దారం టోపీలోంచి జారి, మిషను కిందుగా పాకి, గడప దాటి, వీధి దాటి... మఠం గోడలోకి పోయింది. ఆ కుట్లు మొదలుపెట్టింది ఆపిన గడియలోనని అప్పుడు తట్టింది అక్కకు.

అవతల నుంచి ఎవరో దారాన్ని మెల్లగా లాగారు. పసివాళ్లు అమ్మ కొంగు లాగినట్టు.

మఠం గంట మోగే వేళైంది. ఈ రోజు గడియ ఆపుతున్నట్టు ఎవరూ చెప్పలేదు. అక్క ఊపిరి బిగబట్టి వింటోంది.

వీధిలో కుక్క అరుపు సగంలో ఆగింది.